‘ఇచి ద కిల్లర్’లో ఇద్దరు యమమొతోలు: జపాన్ హారర్ వెనుక ఒక ఛాయాగ్రాహకుడి దారి

సంక్షిప్తంగా: తకేషి కితానో ‘హనా-బి’, తకాషి మీకే ‘ఆడిషన్’, ‘ఇచి ద కిల్లర్’, తకాషి షిమిజు హాలీవుడ్‌ కోసం తీసిన ‘ద గ్రడ్జ్’. ఈ నాలుగు చిత్రాలకూ కెమెరా పట్టింది హిదెయో యమమొతో. అదే పేరున్న మరో ప్రముఖుడు ఉండటంతో ఇద్దరినీ ఒక్కరిగా భావించడం తరచుగా జరుగుతోంది. జపాన్ హారర్ చిత్రాలకు వచ్చిన పేరును సాధారణంగా దర్శకుల ఖాతాలోనే వేస్తారు. యమమొతో పనిని వరుసగా చూస్తే ఆ భయం ఎలా తయారైందో మరో వైపు నుంచి తెలుస్తుంది. భయపెట్టే సన్నివేశాన్ని కూడా మామూలు కుటుంబ కథలా చిత్రీకరించడమే ఆయన పద్ధతిలోని బలం.

ఒకే పేరు, ఇద్దరు మనుషులు

2001లో వచ్చిన ‘ఇచి ద కిల్లర్’ వివరాలు చూసేవారికి హిదెయో యమమొతో అనే పేరు రెండు చోట్ల కనిపిస్తుంది. మూలకథ దగ్గర ఒకసారి, ఛాయాగ్రహణం దగ్గర మరోసారి. కథ రాసిన మనిషే కెమెరా కూడా పట్టాడని అనుకోవడం సహజం. నిజానికి వీరు వేర్వేరు వ్యక్తులు. మొదటి యమమొతో బొమ్మల కథల రచయిత. ‘ఇచి’ కథ 1998 నుంచి 2001 వరకు ‘వీక్లీ యంగ్ సండే’ పత్రికలో ధారావాహికగా వచ్చింది. రెండో యమమొతో ఛాయాగ్రాహకుడు. అప్పటికి మీకేతో అనేక చిత్రాలు చేసిన అనుభవం ఆయనకు ఉంది.

జపనీస్ పేర్లలో ఇలాంటి చిక్కు వచ్చినప్పుడు సాధారణంగా లిపి తీరుస్తుంది. పలకడం ఒకేలా ఉన్నా రాసే కంజీ అక్షరాలు వేరుగా ఉంటాయి. ‘రింగ్’ దర్శకుడు హిదెయో నకాతా పేరులోని ‘హిదె’కు వాడే అక్షరం వేరు. ఈ ఇద్దరు యమమొతోల విషయంలో మాత్రం నాలుగు అక్షరాలూ అవే. ఇక ఇతర లిపుల్లోకి వచ్చేసరికి తేడా చెప్పే గుర్తు ఏదీ మిగలదు. దీనికి తోడు, రచయిత యమమొతో మరో కథ ‘హొమున్క్యులస్’ను 2021లో సినిమాగా తీసింది తకాషి షిమిజు. ఛాయాగ్రాహకుడు యమమొతోతో 2004లో ‘ద గ్రడ్జ్’ తీసింది కూడా ఆయనే. రెండు దారులు ఇలా పదేపదే కలవడంతో గందరగోళం పెరిగింది.

ఈ పొరపాటును సరిదిద్దుకోవడం పేర్ల పట్టిక కోసం మాత్రమే కాదు. ‘ఇచి’ని చూసి, అందులోని రక్తపాతాన్ని ఊహించిన మనిషే ‘ఆడిషన్’ను కూడా చిత్రించాడని అనుకుంటే, ‘ఆడిషన్’ బలం ఎక్కడుందో అర్థం కాకుండా పోతుంది.

వీడియో దుకాణాలు పెంచిన తరం

జపాన్‌లో ఛాయాగ్రాహకులు ఒకప్పుడు పెద్ద స్టూడియోల్లోనే తయారయ్యేవారు. సహాయకుడిగా చేరి, ఏళ్ల తరబడి కెమెరా మోసి, ఫోకస్ సరిచేసి, చివరికి కెమెరా వెనుక నిలబడేవారు. కనెతో షిందో 1964లో తీసిన ‘ఒనిబాబా’లో మనిషి ఎత్తున ఊగే రెల్లుపొదలను చిత్రించిన కియోమి కురొదా, ‘క్వైదాన్’లో సెట్ గోడల మీద గీసిన ఆకాశాన్ని కళ్లకు కట్టిన యొషియో మియజిమా ముందు తరం వారు. అప్పటి భయానక చిత్రం పురాతన కాలంలో, జానపద కథలో, తీర్చిదిద్దిన సెట్లలో నడిచేది. ‘క్వైదాన్’కు 1965 కాన్ చిత్రోత్సవంలో ప్రత్యేక జ్యూరీ బహుమతి దక్కింది.

ఆ వ్యవస్థ 1970ల మొదట్లో బీటలు వారింది. 1971లో దైఎయ్ స్టూడియో దివాలా తీసింది. అదే ఏడాది నిక్కత్సు సంస్థ తక్కువ ఖర్చు శృంగార చిత్రాల వైపు మళ్లింది. తరువాతి తరానికి మరో తలుపు తెరిచింది వీడియో. 1989లో తోఎయ్ సంస్థ ‘వి-సినిమా’ పేరుతో థియేటర్లకు వెళ్లకుండా నేరుగా అద్దె దుకాణాలకు చేరే చిత్రాలు మొదలుపెట్టింది. మిగతా సంస్థలూ అదే బాట పట్టాయి. ఇక్కడి లెక్క సూటిగా ఉండేది. డబ్బు తక్కువ, రోజులు తక్కువ. దుకాణంలో పెట్టె మీది బొమ్మ చూసి ఎవరైనా తీసుకోవాలంటే కథలో నేర ముఠాలు గానీ కొట్లాటలు గానీ ఉంటే చాలు. మిగతాది ఎలా తీస్తారో దర్శకుడి ఇష్టం. సమయం లేని చోట కెమెరామన్‌కు సర్దుబాటు నేర్పు వస్తుంది. ఎక్కువ దీపాలు పెట్టే వీలు లేనప్పుడు గదిలో ఉన్న వెలుతురునే నమ్ముకోవాలి. ఎక్కువ షాట్లు తీసే వీలు లేనప్పుడు ఒక్క షాట్‌లోనే కథ చెప్పాలి.

దెయ్యాల కథలూ ఇక్కడే కొత్త రూపం తెచ్చుకున్నాయి. 1991లో వచ్చిన ఒక వీడియో ధారావాహికకు నొరియో త్సురుతా దర్శకత్వం వహించారు, చియాకి కొనాకా రచన చేశారు. దెయ్యం మీదికి దూకకుండా ఫ్రేములో ఒక మూల, సరిగా కనిపించీ కనిపించకుండా నిలబడి ఉండటం ఆ వీడియోల్లో స్థిరపడిన పద్ధతి. 1998 జనవరి 31న విడుదలైన ‘రింగ్’ దాన్ని పెద్ద తెర మీదికి తెచ్చింది.

యమమొతో పేరు తెర మీద తరచుగా కనిపించడం మొదలైంది ఈ కాలంలోనే. 1996లో మీకే ‘ఫుదో’ వీడియో కోసం తయారై థియేటర్లకు వెళ్లింది. 1997లో ‘హనా-బి’ వెనిస్ చిత్రోత్సవంలో అగ్ర బహుమతి గోల్డెన్ లయన్ అందుకుంది. 1998లో చైనా యునాన్ కొండల్లో తీసిన ‘ద బర్డ్ పీపుల్ ఇన్ చైనా’ వచ్చింది. 1999లో ‘రింగ్ 2’, ‘ఆడిషన్’, ‘డెడ్ ఆర్ అలైవ్’ వచ్చాయి. నాలుగేళ్ల వ్యవధిలో ఒకే చేయి వీడియో దుకాణం సినిమాను, వెనిస్ విజేతను, దెయ్యం కథను చిత్రించింది. వీటిని వేర్వేరు అరల్లో సర్దే అలవాటు విమర్శకులది. పని చేసినవారికి అవన్నీ ఒకే వరుసలో వచ్చిన పనులు.

చూపు తిప్పుకునే కెమెరా

‘హనా-బి’ ముగింపు ఈ చర్చకు కీలకం. పోలీసు ఉద్యోగం వదిలేసిన భర్త, జబ్బుతో ఉన్న భార్య సముద్రతీరంలో కూర్చుని ఉంటారు. అతని దగ్గర తుపాకీ ఉందని ప్రేక్షకుడికి తెలుసు. కెమెరా వారిని వదిలి నెమ్మదిగా పక్కకు తిరిగి సముద్రాన్ని చూస్తుంది. అలలు తప్ప తెర మీద ఏమీ లేవు. అప్పుడు రెండు తుపాకీ మోతలు వినిపిస్తాయి.

ఇది హారర్ కాదు. అయినా రెండేళ్ల తరువాత వచ్చిన ‘ఆడిషన్’కు అవసరమైన సూత్రం ఇందులో ఉంది. ఘోరం జరిగే చోట కెమెరా తొందరపడదు, గొంతు పెంచదు. ఈ సంయమనం మొదట కితానోది అనే మాట నిజమే, ఆయన పాత చిత్రాల్లోనూ అది ఉంది. కానీ ఒక చోట నేర్చిన నిదానాన్ని మరో దర్శకుడి దగ్గరకు మోసుకెళ్లేది ఛాయాగ్రాహకుడే. దర్శకుల చుట్టూ మాత్రమే రాసిన చరిత్రలో ఈ రవాణా కనిపించదు.

కదలని కెమెరా, కదిలిన మూట

‘ఆడిషన్’ కథ ర్యూ మురకామి నవల నుంచి వచ్చింది. భార్య పోయిన నడివయసు మనిషి అయొయామా మళ్లీ పెళ్లి చేసుకోవాలనుకుంటాడు. సినీ నిర్మాత అయిన స్నేహితుడు ఒక ఉపాయం చెబుతాడు. సినిమా కోసం అన్నట్టు నటీమణుల ఎంపిక పెట్టి, అందులో నచ్చిన అమ్మాయిని చూసుకోవడం. అలా పరిచయమైన అసామి నెమ్మదస్తురాలు, తెల్లని దుస్తులు, వంచిన తల.

మొదటి అరగంటకు పైగా ఇది ఒక మర్యాదైన కుటుంబ కథ. ఇల్లు, కొడుకు, ఆఫీసు, భోజనం బల్ల. కెమెరా కొంచెం దూరంగా, మనుషులు గదితో సహా కనిపించేలా నిలబడుతుంది. వెలుతురు కూడా ఇళ్లలో, హోటళ్లలో ఉండేదే. ఇందులో ఏదో జరగబోతోందని హెచ్చరించే వంకర కోణాలు, గోడల మీద పాకే నీడలు ఉండవు. సాధారణ హారర్ చిత్రం మొదటి నిమిషం నుంచే ప్రేక్షకుణ్ణి అప్రమత్తం చేస్తుంది. ఈ చిత్రం అతణ్ణి నమ్మిస్తుంది.

తరువాత ఆ గది వస్తుంది. అయొయామా ఫోన్ చేయాలా వద్దా అని తటపటాయిస్తుంటాడు. అవతల అసామి గదిలో సామాను లేదు. ఆమె నేల మీద కూర్చుని ఉంటుంది, జుట్టు ముఖం మీద పడి ఉంటుంది. దగ్గరలో టెలిఫోను ఉంటుంది. వెనుక ఒక పెద్ద మూట. అంతే. ఫోన్ మోగుతుంది. ఆమె పెదవుల మీద నవ్వు మొలుస్తుంది. ఉన్నట్టుండి వెనుక ఉన్న మూట ఎగిరిపడి దొర్లుతుంది.

ఈ కొద్ది క్షణాలు పనిచేసే తీరును విడదీసి చూడవచ్చు. ప్రేక్షకుడి కన్ను ముందు మనిషి మీద నిలుస్తుంది, తరువాత చప్పుడు చేస్తున్న ఫోను మీద. మూట గదిలోని సామాను లెక్కలోకి పోతుంది. కెమెరా దాన్ని క్లోజప్‌లో చూపి ‘గమనించండి’ అని చెప్పదు. చెప్పి ఉంటే మూట కదలడం కేవలం ఒక జవాబు అయ్యేది. చెప్పకపోవడంతో మూట కదిలిన మరుక్షణం అప్పటిదాకా చూసిన సినిమా అంతా మారిపోతుంది. ఇంతసేపూ అది అక్కడే ఉంది, తానే చూడలేదు అని ప్రేక్షకుడికి తోస్తుంది. భయం మూటలోంచి వచ్చినంతగా ఆ ఆలస్యంలోంచి కూడా వస్తుంది.

రెండో భాగంలో చిత్రం తీరు మారుతుంది. కలా నిజమా తెలియని సన్నివేశాల్లోకి గాఢమైన రంగులు చొరబడతాయి. చివర్లో వచ్చే హింస పేరుమోసినదే. కానీ ఆ హింసను మించినవి ఎన్నో సినిమాల్లో ఉన్నాయి. ఇరవై అయిదేళ్లు గడిచినా ‘ఆడిషన్’ గురించి మాట్లాడుకునేలా చేసింది ఆ ఖాళీ గదే. 2000 రాటర్‌డామ్ చిత్రోత్సవం తరువాత యూరప్‌లో మీకే పేరు పాకింది. అందులో యమమొతో వాటా గురించి రాసినవారు తక్కువ.

కెమెరా ఒకరిది, దీపాలు మరొకరివి

ఆ వాటాను తూకం వేయాలంటే జపాన్ పని పద్ధతి తెలియాలి. హాలీవుడ్‌లో ఛాయాగ్రహణ దర్శకుడు వెలుతురుకు, ఫ్రేముకు బాధ్యుడు. కెమెరాను నడిపేందుకు సాధారణంగా మరో ఆపరేటర్ ఉంటాడు. జపాన్‌లో విభజన ఇందుకు దాదాపు తలకిందులు. అక్కడ ఛాయాగ్రాహకుడు సంప్రదాయంగా తానే కెమెరా వెనుక నిలబడి, ఫ్రేమును తన కంటితో పట్టుకుంటాడు. లైటింగ్‌కు విడిగా ఒక అధిపతి ఉంటాడు. టైటిల్స్‌లో అతని పేరు ఛాయాగ్రాహకుడి పేరుతో పాటు ప్రముఖంగా వస్తుంది. జపాన్ అకాడమీ పురస్కారాల్లో ఛాయాగ్రహణానికీ లైటింగ్‌కూ వేర్వేరు బహుమతులు ఉన్నది ఇందుకే. తెలుగు సినిమాలో ‘ఛాయాగ్రహణం’ అనే ఒక్క మాటలో వెలుతురూ ఇమిడిపోతుంది కాబట్టి ఈ తేడా తొందరగా తట్టదు.

అందుచేత యమమొతో చిత్రాల్లో వెలుతురు బాగుంటే దాన్ని ఆయన ఒక్కడికే కట్టబెట్టడం న్యాయం కాదు. దూరం, ఎత్తు, ఎంతసేపు ఆగాలి, ఎప్పుడు తిరగాలి అనే నిర్ణయాల్లో మాత్రం ఆయన చేయి నేరుగా ఉంటుంది. పై సన్నివేశాల్లో పని చేసినవీ ముఖ్యంగా ఇవే. నటుడు ఊపిరి పీల్చేటప్పుడు కెమెరా వెనుక ఉన్న మనిషి కూడా అదే క్షణంలో నిర్ణయం తీసుకుంటాడు. ఆ నిర్ణయం మానిటర్ ముందు కూర్చుని చెప్పేది కాదు.

మూడు రకాల చీకటి

జపాన్ హారర్ అంటే ఒకే రూపం అనే అభిప్రాయం బలంగా ఉంది. పొడుగు జుట్టు, పాలిపోయిన ముఖం, నీలిరంగు గది. ఛాయాగ్రాహకుల వారీగా చూస్తే ఆ అభిప్రాయం నిలబడదు.

‘రింగ్’, కియోషి కురొసావా ‘పల్స్’, నకాతా ‘డార్క్ వాటర్’ చిత్రాలకు జునిచిరో హయాషి పనిచేశారు. ఆయన భయం ఖాళీ చోటులో, ఆరిపోతున్న వెలుతురులో ఉంటుంది. ‘పల్స్’లో ఎర్రటి టేపుతో మూసేసిన గదిలోకి వెళ్లిన కుర్రవాడి వైపు చీకట్లోంచి ఒక స్త్రీ రూపం నడిచి వస్తుంది. నడకలో ఒక్కసారి తూలుతుంది, మళ్లీ నిలదొక్కుకుని వస్తుంది. ఆ తూలడం తప్ప భయపెట్టే చర్య ఏమీ లేదు.

తోకుషో కికుమురా దారి వేరు. 1997 నాటి ‘క్యూర్’, తరువాత షిమిజు ‘జు-ఆన్’ ఆయన చిత్రించినవే. ‘క్యూర్’లో ఒక చిన్న పోలీసు ఠాణా ముందు, పట్టపగలు, దూరం నుంచి తీసిన ఒకే షాట్‌లో ఒక పోలీసు తోటి ఉద్యోగిని కాల్చి చంపుతాడు. రోజువారీ పనుల మధ్య ఇదీ ఒక పని అన్నంత మామూలుగా. ఇక్కడ చీకటి అవసరమే రాలేదు.

యమమొతో ఈ ఇద్దరికీ మధ్య నిలబడతారు. హయాషిలా వాతావరణాన్ని ముందే కమ్మించరు, కికుమురాలా అంత దూరంగానూ ఉండిపోరు. మనుషుల మధ్య, సంభాషణకు అందేంత దూరంలో ఉంటారు. కుటుంబ కథలకు, హాస్యానికి పనికొచ్చే దూరం అది. హారర్‌కు అది పనికిరాదని అనుకుంటారు. పనికొస్తుందని ‘ఆడిషన్’ చూపించింది.

కాబుకిచో నుంచి హాలీవుడ్ దాకా

2001 నాటి రెండు మీకే చిత్రాలు ఈ పద్ధతికి రెండు అంచులు. ‘విజిటర్ క్యూ’ చవకగా డిజిటల్ వీడియో మీద తీసిన ఆరు చిత్రాల వరుసలో ఒకటి. ఇంట్లో ఎవరో తీసుకున్న వీడియోలా ఉంటుంది. కుటుంబం కుళ్లిన తీరును ఆ గరుకుదనమే మోస్తుంది. ‘ఇచి ద కిల్లర్’ టోక్యో కాబుకిచో వీధుల నియాన్ వెలుగుల్లో, దూకుడుగా కదిలే కెమెరాతో సాగుతుంది. తదనొబు అసానో పోషించిన కకిహారా చెంపల చీలికల్లోంచి సిగరెట్ పొగ వచ్చే షాట్ ఆ చిత్రానికి ముఖచిత్రం వంటిది. బ్రిటన్‌లో సెన్సారు మూడు నిమిషాలకు పైగా కత్తిరించింది. ఇక్కడ కెమెరా చూపు తిప్పుకోదు. రెండు యమమొతో పేర్లు కలిసిన ఈ చిత్రమే ఛాయాగ్రాహకుడి సహజ ధోరణికి అన్నిటికన్నా దూరంగా ఉంది. పేరు పొరపాటు వల్ల ఆయన్ను ముందుగా దీనితోనే గుర్తుపట్టడం అందుకే బాధాకరం.

మీకే కోసం యమమొతో చిత్రించిన 2003 నాటి ‘వన్ మిస్డ్ కాల్’ వచ్చేసరికి జపాన్ హారర్ ఒక పరిశ్రమ అయింది. ‘రింగ్’ను 2002లో హాలీవుడ్ మళ్లీ తీసింది. దానికి ఛాయాగ్రాహకుడు బోయన్ బజెల్లి. ఆయన చిత్రమంతా తడి ఆకుపచ్చ ఛాయ పరిచారు. జపాన్ మాతృకలో మామూలు ఇల్లుగా ఉన్నది అమెరికా రూపంలో మొదటి నుంచే అశుభంగా కనిపించింది. అందమైన పనే, కానీ హెచ్చరిక ముందే వినిపిస్తుంది.

షిమిజు ‘జు-ఆన్’కు హాలీవుడ్ రూపమైన ‘ద గ్రడ్జ్’ మరో దారి ఎంచుకుంది. అమెరికన్ దర్శకుడు శామ్ రేమీ నిర్మాణ సంస్థ దర్శకుడిగా షిమిజునే పెట్టి, కథను టోక్యోలోనే ఉంచి, అమెరికన్ నటులను అక్కడికి పంపింది. కెమెరా పని ప్రధానంగా యమమొతోది. సుమారు కోటి డాలర్ల ఖర్చుతో తీసిన ఈ చిత్రం ప్రపంచవ్యాప్తంగా 18 కోట్ల డాలర్లకు పైగా వసూలు చేసింది.

అందులో లిఫ్టు సన్నివేశం జపాన్ మాతృక ‘జు-ఆన్’ నుంచి వచ్చినదే. తలుపుకు నిలువు అద్దం ఉన్న మామూలు అపార్ట్‌మెంట్ లిఫ్టు. పైకి వెళ్తుంటే ఒక్కో అంతస్తు అద్దంలోంచి జారిపోతుంది. ప్రతి అంతస్తులోనూ అదే పిల్లవాడు నిలబడి ఉంటాడు. లోపలున్న యువతి చూడదు, ప్రేక్షకుడు చూస్తాడు. ఆమె ముఖం దగ్గరకు వెళ్లకుండా, ఆమెనూ అద్దాన్నీ కలిపి ఒకే ఫ్రేములో ఉంచితేనే ఈ సన్నివేశం పనిచేస్తుంది. అసామి గదిలో మనిషినీ మూటనూ ఉంచిన లెక్క ఇదే. మూట విషయం ప్రేక్షకుడికి ఆలస్యంగా తెలిసింది, ఇక్కడ ముందే తెలిసింది. అంతే తేడా.

భయం తరువాతి పనులు

2000ల మధ్య నుంచి యమమొతో పని ఎక్కువగా హాస్య, భావోద్వేగ చిత్రాల వైపు సాగింది. 2006లో సాంగ్-ఇల్ లీ ‘హులా గర్ల్స్’ జపాన్ అకాడమీ ఉత్తమ చిత్రం అయింది. మూతపడబోతున్న బొగ్గు గనుల ఊరిలో నాట్యం నేర్చుకునే ఆడపిల్లల కథ అది. అదే ఏడాది నుంచి కోకి మితానితో వరుస హాస్య చిత్రాలు వచ్చాయి. ఒక హోటల్లో ఒకే రాత్రి జరిగే ‘ఉచోతెన్ హోటల్’, 2008లో ‘ద మ్యాజిక్ అవర్’. హారర్ అభిమానులు దీన్ని దారి మళ్లడంగా చూడవచ్చు. ఆయన చిత్రాల వరుసలో ఉన్న తర్కం మాత్రం వేరే చెబుతుంది. మితాని హాస్యం ఒకే ఫ్రేములో అనేకమంది ఉండగా, ఒకరికి తెలిసింది మరొకరికి తెలియకపోవడం మీద నడుస్తుంది. లిఫ్టులోని భయం నడిచిందీ దాని మీదే.

2011లో మితాని తీసిన ‘సుతెకినా కనషిబరి’లో దెయ్యం మళ్లీ వచ్చింది. ఒక హత్య కేసులో నిందితుడు నేరం చేయలేదని చెప్పగల ఏకైక సాక్షి, శతాబ్దాల కింద చనిపోయిన ఒక సమురాయ్. తోషియుకి నిషిదా పోషించిన ఆ దెయ్యం కోర్టు గదికి వస్తుంది. అక్కడ ఉన్నవారిలో కొందరికే కనిపిస్తుంది. న్యాయవాదులు, జడ్జి, సాక్షి బోను, వారి మధ్య కవచం తొడుక్కున్న సమురాయ్, అందరూ ఒకే ఫ్రేములో. యమమొతో కెమెరా ఎప్పటిలాగే మాట వినిపించేంత దూరంలో ఆగి, ఎవరు ఎవరిని చూస్తున్నారో గమనించే పని ప్రేక్షకుడికే వదిలింది.